శుక్రవారం పుట్టిన డొమింగోస్

ఓబులయ్యకు ఇద్దరు కొడుకులు పుట్టారు, ఇద్దరూ పోయారు. పెద్దవాడికి వెంకటేశు అని పేరు అనుకుంటే తొమ్మిదో దినాన పోయాడు. రెండోవాడికి శ్రీనివాసులు అనుకుంటే పదహారో దినాన పోయాడు. డాక్టర్లు ఏవేవో చెప్పారు. శివకుమారి మాత్రం ఒక్కటే చెప్పింది: "దేవుని పేర్లు పెట్టి మనమే దేవునికి చూపిస్తిమి. బాగుండారే అని ఎత్తుకోని పాయె." ఆ మాట మీద ఆమెతో వాదించడానికి రాయచోటి చుట్టుపక్కల ఎవరికీ నోరు రాలేదు.

మూడోవాడు ఖతార్‌లో పుట్టాడు. తొంభై ఆరో సంవత్సరం, ఒక శుక్రవారం తెల్లవారుతుండగా. మొగుడూ పెళ్ళాలిద్దరికీ ముఐథర్ అనే పేటలో ఒకే ఇంట్లో పని. ఆయన కారు తోలతాడు, ఆమె ఇల్లు చూస్తుంది. యజమానురాలు ముసలామె, పనివాళ్ళందరూ అమ్మ అనే అర్థంలో మామా అంటారు. పనిమనిషికి నెల తప్పిందని తెలిస్తే మర్నాడే విమానమెక్కించే ఇళ్ళు ఆ ఊళ్ళో బోలెడు. ఈ మామా మాత్రం "అల్లా ఇచ్చాడు, ఇక్కడే కననీ" అంది. పుణ్యాత్మురాలు, ఆ మాట ఎక్కడైనా చెప్పొచ్చు.

బిడ్డ పుట్టగానే ఓబులయ్య పొంగిపోయాడు. శివకుమారి పొంగలేదు. దినాలు లెక్కపెట్టడం మొదలుపెట్టింది. తొమ్మిది దాటాలి, పదహారు దాటాలి.

వాళ్ళ ఊళ్ళో ఇలాంటి బిడ్డలకు ఒక మందుంది. పసివాడిని చేటలో పడుకోబెట్టి పరాయివాడికి పిడికెడు తవుడుకు అమ్మేస్తారు. కొన్నవాడు పేరు పెడతాడు. ఆ పేరు ఎంత పాడుగా ఉంటే అంత మంచిది: పెంటయ్య, పుల్లయ్య, పిచ్చయ్య. చావు గడప దాకా వచ్చి తొంగి చూస్తే, "ఇది వీళ్ళ బిడ్డ కాదు, పైగా పనికిమాలిన సరుకు" అనుకుని వెళ్ళిపోవాలి. తర్వాత కొన్నవాడే "నా బిడ్డను సాకు తల్లీ" అని మళ్ళీ తల్లి ఒడిలో పెడతాడు. నవ్వేవాళ్ళు నవ్వుకోవచ్చు. ఆ ఊళ్ళో ముగ్గురు పెంటయ్యలు డెబ్బై ఏళ్ళు దాటి బతికారు మరి!

పక్కింటి డ్రైవరు నాగూర్ "నేను కొంటాలే వదినా" అని ముందుకొచ్చాడు. శివకుమారి ఒప్పుకోలేదు. "నీదీ రాయచోటే గద నాయనా. నువ్వు పరాయోడివి ఎట్లయితావు?" అంది.

పరాయివాడు వంటింట్లోనే ఉన్నాడు. కైతాన్ అని గోవా మనిషి, యాభై దాటిన వంటవాడు, ఇరవై రెండేళ్ళుగా అదే ఇంట్లో పొయ్యి దగ్గర నిలబడ్డవాడు. శివకుమారికి నెలలు నిండినప్పుడు అడక్కుండానే రోజూ కోడి పులుసు కాచి గదికి పంపినవాడు. మాట తక్కువ. కులం వేరు, మతం వేరు, భాష వేరు. ఇంతకంటే పరాయివాడు ఎంత వెతికినా దొరకడు.

ఐదో దినాన, మంగళవారం, అమ్మకం జరిగింది. చేట దొరకలేదు గనుక మామా ఇంట్లో మాంసం అన్నం వడ్డించే పెద్ద పళ్ళెం తెచ్చి అందులో గుడ్డ పరిచారు. మేకల దొడ్డిలో తవుడు బస్తా ఉండనే ఉంది. ఓబులయ్య తనకొచ్చిన హిందీలో విషయమంతా వివరించాడు. ఆయన హిందీ సంగతి ఏం చెప్పాలి? కారు రివర్స్ చేయడానికి సరిపోతుంది, బిడ్డను అమ్మడానికి చాలదు. "భాయ్, బచ్చా తుమారా. నామ్ తుమ్ దేవ్" అన్నాడు, బిడ్డ నీది, పేరు నువ్వు పెట్టు అని. అంతే.

కైతాన్ గరిటె కింద పెట్టాడు. చేతులు కడుక్కున్నాడు. గదిలోకి పోయి పెట్టెలోంచి ఇస్త్రీ చొక్కా తీసి తొడుక్కుని వచ్చాడు. పిడికెడు తవుడుకు ఇస్త్రీ చొక్కా ఎందుకో అప్పుడు ఎవరికీ అర్థం కాలేదు. ఓబులయ్య చేసిన సైగల ప్రకారం తవుడు శివకుమారి కొంగులో పోసి, బిడ్డను రెండు చేతులా ఎత్తుకుని, నుదుటి మీద బొటనవేలితో శిలువ గీసి, "డొమింగోస్" అన్నాడు. బిడ్డను తల్లి ఒడిలో పెట్టి గిరుక్కున వంటింట్లోకి వెళ్ళిపోయాడు. మర్నాడు రెండు నెలల సెలవు మీద గోవా విమానమెక్కాడు.

విమానం లేచిన సాయంత్రం శివకుమారి అడిగింది: "ఇంతకీ ఆ పేరుకి అర్థమేంది?"

"ఏదో పాడు పేరే లే."

"పాడు పేరు పెట్టాలని ఆయప్పకు చెప్తివా?"

ఓబులయ్యకు అప్పుడు గుర్తొచ్చింది. అసలు సంగతి చెప్పడమే మరిచాడు! అయినా నోరు ఊరుకుంటుందా, "చెప్పినా" అనేసింది. అబద్ధం ఆడటానికి అరక్షణం పట్టింది, దాన్ని మోయడానికి పది దినాలు పట్టింది.

శివకుమారి ఆయన ముఖంలోకి చూసింది. "సరే, అర్థం కనుక్కోని రా. పాడు పేరని తెలిసినాకనే నేను పిలుస్తా. అంతవరకూ ఈ గదిలో వాని పేరెత్తితే ఊరుకోను" అంది.

అన్నట్టే బిడ్డను ఏమనీ పిలవలేదు. పాలిచ్చేటప్పుడు పిలవదు, నీళ్ళు పోసేటప్పుడు పిలవదు. చిన్నా, కన్నా, నాయనా, ఒక్కటీ లేదు. పిల్లవాడు ఏడిస్తే ఎత్తుకుంటుంది, అంతే. ముఖంలోకి చూడటం కూడా తగ్గించింది. ఇద్దరిని పోగొట్టుకున్న మనిషి మూడోవాడిని ఎంతదాకా దగ్గరకు తీయాలో తెలియక మధ్యలో ఆగిపోయింది. మామా రోజూ వచ్చి "పేరేమిటి?" అని అరబ్బీలో అడిగేది. శివకుమారి "మాఫీ" అనేది. లేదు అని. నాలుగు రోజులు విని విని మామా పిల్లవాడినే "యా మాఫీ, యా మాఫీ" అని ముద్దు చేయసాగింది.

"ఆ పేరే ఉంచేద్దాం మే. లేదు అనే పేరు కన్నా పాడు పేరు యాడ దొరుకుతాది?" అన్నాడు ఓబులయ్య ఆశగా.

"కొన్నోడు పెట్టిందే నిలవాల. దారిన పోయేటోళ్ళు పెట్టింది కాదు."

తొమ్మిదో దినం గడిచింది. ఆ రోజు ఇద్దరూ అన్నం తినలేదు. బిడ్డ మాత్రం కడుపునిండా తాగి హాయిగా నిద్రపోయాడు.

పదో దినాన నాగూర్ అర్థం పట్టుకొచ్చాడు. వాళ్ళింట్లో పనిచేసే ఫిలిప్పీన్ అమ్మాయిని అడిగాడట. "పేరులో మింగు అని ఉందని ఊరికే భయపడినాం, మింగడం గింగడం ఏం కాదన్నా. డొమింగో అంటే ఆదివారమంట!"

ఓబులయ్య ఎగిరి గంతేసినంత పని చేశాడు. ఆదివారమంటే దేవుడూ కాదు, దయ్యమూ కాదు, వట్టి వారం. ఊళ్ళో సోమన్నలు లేరా, బుధవారమ్మలు లేరా? పరుగున వెళ్ళి చెప్పాడు. శివకుమారి విని, నుదురు ముడిచి, "వీడు పుట్టింది శుక్కురారం గదా?" అంది.

అవును కదా! శుక్రవారం పుట్టినవాడికి ఆదివారమని పేరు పెట్టడమేమిటి? కైతాన్‌కు వారాలు తెలియవా? పుట్టిన రోజు ఇంట్లో ఉన్నాడు, బిడ్డ పుట్టాడని మామా ఇంట్లో అందరికీ తీపి వండిపెట్టింది ఆయనే. ఓబులయ్య ఎంత ఆలోచించినా అంతు చిక్కలేదు. కారు తోలుతూ తోలుతూ రెండుసార్లు దారి తప్పాడు. వెస్ట్ బేకు పోవాల్సినవాడు విమానాశ్రయం దారి పట్టాడు. వెనక సీట్లో మామా "షూ హాదా ఓబుల్!" అని కేకలేసింది, ఇదేమిటని.

పదమూడో దినాన అర్జీలు టైపు కొట్టే దుకాణంలో ఒక గోవా గుమాస్తాను పట్టుకున్నాడు. ఆయన కళ్ళజోడు సర్దుకుని, "ఆదివారమని ఎవరు చెప్పారు? చాలా గొప్ప పేరయ్యా. అసలు మాట లాటిన్‌ది. ప్రభువు అని. దేవుడు. పెద్ద సెయింటు పేరు కూడా" అన్నాడు.

గోరుచుట్టు మీద రోకటి పోటంటే ఇదే. ఏ పేరు తగలకూడదని తవుడుకు అమ్ముకున్నారో ఆ పేరే వచ్చి నెత్తిన కూర్చుంది. వెంకటేశు, శ్రీనివాసులు, ఇప్పుడు ఈ డొమింగోసు. గోవా దారిలో తిరిగి మళ్ళీ దేవుడి గుమ్మానికే వచ్చారు! ఈ మాట శివకుమారికి చెప్పలేదు. ఆమె అడగనూ లేదు. ఆయన ముఖం చూసి అర్థం చేసుకుందేమో, ఆ సాయంత్రం నుంచి బిడ్డను ఒడిలోంచి దించలేదు.

కైతాన్ ఇంట్లో ఫోను లేదు. ఉత్తరం రాస్తే పోయి రావడానికి ఇరవై రోజులు. ఎదురుగా మూడు దినాలున్నాయి.

పదిహేనో దినం శుక్రవారం. కైతాన్‌కు ఫిలొమినా అని పినతల్లి కూతురు ఒకామె ఉందని, ఒక హోటల్ లాండ్రీలో సూపర్‌వైజరని, శుక్రవారం పొద్దున గోవావాళ్ళందరూ ఊరి చివర ఒక విల్లాలో ప్రార్థనకు చేరుతారని నాగూర్ కనుక్కున్నాడు. ఆ రోజుల్లో అక్కడ చర్చి అనే కట్టడం లేదు. ఓబులయ్య వెళ్ళేసరికి గోడ చుట్టూ కార్లే కార్లు. లోపలి నుంచి పాట వినిపిస్తోంది. పొట్టి గౌన్ల పిల్లలు, ఇస్త్రీ చొక్కాల మగవాళ్ళు. ఇస్త్రీ చొక్కాలు చూడగానే ఆయనకు కైతాన్ గుర్తొచ్చాడు. అదే మడత, అదే తెలుపు. గేటు పక్కన నీడలో నిలబడ్డాడు.

పాట అయింది. జనం బయటికొచ్చారు. నలుగురిని అడిగితే ఐదో మనిషి ఫిలొమినాను చూపించాడు. లావుపాటి పెద్దావిడ, చేతిలో జపమాల. డొమింగోస్ అనే మాట వినగానే ఓబులయ్య రెండు చేతులూ పట్టుకుంది. "నువ్వేనా ఆ బిడ్డ తండ్రివి! కైతాన్ వెళ్తూ వెళ్తూ విమానాశ్రయంలో నాకంతా చెప్పాడు" అంది హిందీలో.

"అమ్మా, ఆ పేరుకు అర్థం చెప్పండి. ఒకరు ఆదివారమంటారు, ఒకరు దేవుడంటారు. నాకు పిచ్చెక్కుతోంది" అన్నాడు ఓబులయ్య.

"రెండూ నిజమే. మా ఊళ్ళను పోర్చుగీసువాళ్ళు నాలుగు వందల యాభై ఏళ్ళు ఏలారు. వాళ్ళు పోయారు, పేర్లు మా దగ్గర ఉండిపోయాయి. వాళ్ళ మాటలో ఆదివారాన్ని ప్రభువు దినం అంటారు. డొమింగోస్ అంటే ప్రభువు కాదు, ప్రభువు సొత్తు. ఇది నాది కాదు, ఫలానా ఆయనది, అంటామే, అలాగ. ఆదివారం పుట్టిన మగపిల్లలకు పెట్టే పేరు."

నాది కాదు, ఇంకొకరి సొత్తు! అనుకున్నాడు ఓబులయ్య. పిడికెడు తవుడు పోసి తాము చావుకు చెప్పాలనుకున్న మాట అదే కదా. అయినా ఇంకొక ముడి మిగిలిపోయింది.

"మావాడు పుట్టింది శుక్రవారమమ్మా."

ఫిలొమినా నవ్వింది. "ఇవాళ ఏం వారం?"

"శుక్రవారం."

"మేమిప్పుడు చేసి వచ్చింది ఏ పూజనుకున్నావు? ఆదివారం పూజ. ఈ దేశంలో సెలవు శుక్రవారమే, కాబట్టి మా ఆదివారం కూడా శుక్రవారమే. ఇరవై రెండేళ్ళుగా కైతాన్‌కు ఇంకో ఆదివారం లేదు."

హమ్మయ్య అనుకున్నాడు ఓబులయ్య. పది దినాల బరువు దిగిపోయింది. దండం పెట్టి వెనక్కి తిరిగాడు. ఆమె వదల్లేదు.

"నువ్వు అడిగింది గొప్ప సంగతయ్యా. మాలో పేరు పెట్టినవాడంటే పేరుతండ్రి. తండ్రి లేని రోజున వాడే తండ్రి. వాళ్ళు నన్ను అడిగారు, నన్నే అడిగారు అని కైతాన్ విమానాశ్రయంలో ఏడ్చాడు. ఊళ్ళో అందరికీ తీపి పంచి ఉంటాడు ఈపాటికి." ఆగి, జపమాల మీద వేళ్ళు బిగించింది. "ఆ పేరు ఎక్కడిదో చెప్పాడా నీకు?"

"లేదు."

"వాడి కొడుకు పేరు. ఒక్కడే కొడుకు. నాలుగేళ్ళప్పుడు జ్వరంతో పోయాడు. కైతాన్ అప్పుడు ఇక్కడే ఉన్నాడు, టెలిగ్రాం చేరేసరికి మట్టి కూడా చేసేశారు. మా పాతవాళ్ళు ఒక బిడ్డ పోతే తర్వాత పుట్టినవాడికి అదే పేరు పెట్టేవాళ్ళు, పేరు అనాథ కాకూడదని. కైతాన్‌కు మళ్ళీ పిల్లలు పుట్టలేదు. ఆ పేరు అలాగే వాడి దగ్గర ఉండిపోయింది, మీ బిడ్డ దాకా."

ఓబులయ్య కారు దగ్గరికి నడిచాడు. కారెక్కి తాళం తిప్పడానికి మూడుసార్లు ప్రయత్నించాడు. చచ్చిపోయిన పిల్లవాడి పేరు! కొడుకు నుదుటి మీద శవం పేరు! కైతాన్ మీద కోపం తెచ్చుకుందామంటే ఆ ఇస్త్రీ చొక్కా, గిరుక్కున వంటింట్లోకి పోయిన తీరు గుర్తొచ్చి కోపం రావడం లేదు. తాము ఆడింది ఆట. ఆయన నిజంగానే కొనుక్కున్నాడు.

ఇంటికి పోయి ఏం చెప్పాలి? ప్రభువు సొత్తు అని, శుక్రవారమే ఆదివారం అని చెప్పి ఊరుకుంటే సరిపోతుంది. అందులో అబద్ధం లేదు. మిగతాది మింగేస్తే ఎవరికి తెలుస్తుంది? కైతాన్ వచ్చాక తెలుస్తుంది. అప్పటికి పదహారో దినం దాటి ఉంటుంది. దాటకపోతే? ఆ ఆలోచన రాగానే చెంప మీద తనే కొట్టుకున్నాడు.

శివకుమారి మేకల దొడ్డి గోడ నీడలో బిడ్డను ఒడిలో పెట్టుకుని కూర్చుని ఉంది. ఓబులయ్య ఎదురుగా గొంతుక్కూర్చుని మొదటి సగం చెప్పాడు. ఆదివారం సంగతి, సొత్తు సంగతి.

"ఇంకొకరి సొత్తా? మంచిదే గదా. మరి నీ మొకమెందుకు అట్ల పాలిపోయింది? ఇంగేమి దాస్తాండావు?"

"ఏం లేదు మే."

"నా మీద ఒట్టు."

ఇక ఆగలేకపోయాడు. మొదటిరోజు ఆడిన అబద్ధం నుంచి మొదలుపెట్టాడు. "పాడు పేరు పెట్టమని నేను చెప్పనేలేదు మే. మర్సిపోయినా. చెప్పినానని నీకు అబద్ధం చెప్తి. ఆయన తన కొడుకు పేరు పెట్టినాడు. వాడు నాలుగేండ్లప్పుడు సచ్చిపోయినాడంట." చెప్పి తలొంచుకున్నాడు. తిట్టని, కొట్టని, రాళ్ళు వేయని అనుకుని కూర్చున్నాడు.

తిట్టలేదు. వెనక దొడ్డిలో మేకలు తవుడు నములుతున్నాయి. ఓబులయ్య మెల్లగా తలెత్తి చూశాడు. శివకుమారి కళ్ళు తుడుచుకుంటోంది.

"పిచ్చోడా. పెంటయ్య కన్నా పాడు పేరు ఇది. ఇంతకన్నా పాడు పేరు లోకంలో ఉండాదా?" అంది. "యముడు ఆ పేరు ఒకసారి పిలుచుకోని పోయినాడు. ఆయన బుక్కులో దాన్ని కొట్టేసింటాడు గదా. కొట్టేసిన పేరు కోసరం మల్లా యాల వస్తాడు?"

ఈ లెక్క ఓబులయ్యకు తట్టనే లేదు. పది దినాలు ఊరంతా తిరిగి గుమాస్తాలనూ పెద్దవాళ్ళనూ అడిగి తెచ్చిన అర్థాలన్నీ పక్కన పెట్టి, గోడ నీడలో కూర్చున్న మనిషి ఒక్క మాటలో తేల్చేసింది.

"నాలుగేండ్లు అన్నావు గదా?" అని అడిగింది మళ్ళీ.

"అవును."

"అంటే నడుస్తా ఉన్నింటాడు. ఆడుకోను వీధిలోకి పోతా ఉన్నింటాడు. వాళ్ళమ్మ ఎట్ల పిలుస్తా ఉన్నిందో అడిగినావా?"

"లేదు మే."

"అడగాల గదా. ఎన్నేండ్లాయనో ఎవురూ ఆ పేరు పిలవక."

బిడ్డను భుజానికెత్తుకుని లేచింది. పదిహేను దినాలుగా చూడని చూపు ఒకటి వాడి ముఖం మీద పెట్టింది. మామా వంటింటి గుమ్మంలోకి వచ్చి, "యా మాఫీ" అని చేతులు చాపింది. శివకుమారి కాదన్నట్టు తల ఊపింది. గేటు వైపు, ఎండ పడుతున్న ఖాళీ వీధి వైపు తిరిగి నిలబడింది.

"డొమింగోసూ!" అని కేకేసింది. భుజం మీది పదిహేను దినాల పసికందును పిలిచే గొంతు కాదది. ఎండలో ఆడుకుంటూ దూరం పోయిన నాలుగేళ్ళ పిల్లవాడిని అన్నానికి పిలిచే గొంతు. "డొమింగోసూ, ఇంటికి రా నాయనా!"